పాయింట్ టూటూని ఆటబొమ్మ అనేవాళ్లకి

పాయింట్ టూటూ (.22, అంటే గొట్టం వెడల్పు సుమారు 0.22 అంగుళాలు) పిస్టల్ మాటెత్తితే చాలు, "అదేం తుపాకీ, పిట్టల్ని కొట్టుకోడానికి" అని తేల్చేసేవాళ్లు మా అనంతపురంలో బాగానే ఉన్నారు. ఆ మాట వింటే నాకు ఒళ్లు మండుతుంది. కాలేజీ రోజుల్లో ఎన్‌సీసీలో .22 రైఫిల్ పట్టుకున్నదాన్నే. అదే తూటా పేల్చే ట్రైనింగ్ పిస్టల్ మాత్రం ఈమధ్యే బెంగళూరులో ఒక షూటింగ్ క్లబ్ రేంజ్‌లో (గురి నేర్చుకునే చోట), కోచ్ పక్కనే ఉండగా పట్టుకున్నాను. గురి నేర్చుకునేవాళ్ల చేతికి మొదట రావాల్సిన పిస్టల్ ఇదేనని ఖాయంగా చెప్తున్నా.

పట్టుకోగానే తెలిసేది బరువు. 25 మీటర్ల పోటీ పిస్టల్ 1400 గ్రాముల దాకా ఉండొచ్చు, దాన్ని ఒంటిచేత్తో చాచి నిలపాలి. చెక్క పిడి అరచేతిని గట్టిగా పట్టేస్తుంది. బల్ల మీద ఉన్నంతసేపూ గొట్టంలోంచి రంగు దారం ఒకటి బయటికి వేలాడుతూ ఉండాలి. అది కనబడితేనే లోపల తూటా లేదని పక్కవాళ్లకి నమ్మకం.

పేలినప్పుడు చేతికి తగిలే దెబ్బ చాలా తక్కువ. గుండు మామూలుగా 40 గ్రెయిన్లు, అంటే 2.6 గ్రాములు. పోలీసులు వాడే 9 ఎంఎం గుండు దీనికి దాదాపు మూడింతలు. తీసిపారేసేవాళ్లు పట్టుకునేది ఈ ఒక్క పాయింటే. నాకైతే దీని గొప్పతనమంతా అక్కడే ఉంది. తన్నదు కాబట్టి, గుండు పక్కకి పోతే తప్పు ఎవరిదో దాచడానికి వీల్లేదు.

నా పక్క లేన్‌లో ఒక పెద్దాయన ఉన్నారు. లైసెన్సున్న .32 రివాల్వర్ ఏళ్లుగా వాడుతున్న మనిషి. గుండ్లన్నీ టార్గెట్‌లో కింద ఎడమవైపే పడుతున్నాయి. కోచ్ ఏమీ అనలేదు. ఆయన చూడకుండా మ్యాగజైన్‌లో (తూటాలు నింపే పెట్టెలో) తూటాల మధ్య ఒక డమ్మీ, అంటే పేలని ఉత్త తూటా, పెట్టి ఇచ్చాడు. దాని వంతు రాగానే చప్పుడు లేదు, కానీ పిస్టల్ మూతి మాత్రం టక్కున కిందికి వంగింది. పేలబోతోందన్న బెదురుతో చెయ్యి ముందే నొక్కేస్తోందన్నమాట. "చూశారా సార్?" అన్నాడు కోచ్. పెద్దాయన తలూపి, ఇంకో మ్యాగజైన్ అడిగారు. పెద్ద తుపాకీ చప్పుడులో ఇన్నేళ్లూ బయటపడని అలవాటు ఈ చిన్నది ఒక్క క్షణంలో బయటపెట్టింది.

ఈ తూటాని రింఫైర్ అంటారు, అదేంటో కూడా చెప్పాలి. మామూలు తూటాకి మంట పుట్టించే మందు అడుగున మధ్యలో ఉంటుంది, దీనికి అంచు లోపల చుట్టూ ఉంటుంది. పిన్ను వచ్చి అంచుని కొడుతుంది. పేలిన ఖాళీ కేసు ఏరుకుని చూస్తే అంచు మీద గోటితో నొక్కినట్టు చిన్న సొట్ట. ఆ కేసు మళ్లీ నింపడానికి పనికిరాదు. అప్పుడప్పుడు ఒకటి పేలకుండా మొరాయిస్తుంది, అదొక లోటే. అలాంటప్పుడు మూతి టార్గెట్ వైపే ఉంచి, కాసేపు ఆగి తీయాలి. చాలా రింఫైర్ పిస్టళ్లలో ఊరికే ఖాళీగా ట్రిగ్గర్ నొక్కకూడదు కూడా, పిన్ను నేరుగా ఛాంబర్ (తూటా కూర్చునే చోటు) అంచుకి తగిలి పాడవుతుంది. సీసం గుండు కాబట్టి, అయ్యాక చేతులు కడుక్కోకుండా ఏమీ తినొద్దు.

ఈ "ఆటబొమ్మ" తూటాతోనే 2012 లండన్ ఒలింపిక్స్‌లో విజయ్ కుమార్ 25 మీటర్ల ర్యాపిడ్ ఫైర్ (వేగంగా కాల్చే) పిస్టల్ పోటీలో వెండి పతకం తెచ్చాడు. 2023లో హాంగ్‌ఝౌలో జరిగిన ఆసియా క్రీడల్లో 25 మీటర్ల పిస్టల్ టీమ్ బంగారం గెలిచిన ముగ్గురిలో మన హైదరాబాద్ అమ్మాయి ఈషా సింగ్ ఉంది. ఆ పోటీ ర్యాపిడ్ భాగంలో టార్గెట్ కనబడేది 3 సెకన్లు. కిందికి దించి ఉన్న చెయ్యి పైకెత్తి, గురి కుదుర్చుకుని, ఒక్క గుండు కాల్చాలి. ట్రిగ్గర్ బరువు, అంటే దాన్ని నొక్కడానికి కావాల్సిన బలం, కిలోకి తగ్గకూడదు. చేసి చూడమనండి, పిట్టల మాట మాట్లాడేవాళ్లని.

నా బాధ ఇంకోటి. సీమ అనగానే బయటివాళ్లకి వేటకొడవళ్లు, నాటుబాంబులు. మన పిల్లలూ తుపాకీ అంటే నడుముకి పెట్టుకుని ఎదుటివాణ్ణి బెదిరించేదనే అనుకుంటూ పెరుగుతున్నారు. రేంజ్‌లో "లోడ్" అనే మాట వినబడేదాకా ఎవరూ తూటా ముట్టరు. "స్టాప్" అంటే ఎంత పెద్ద మొనగాడైనా ఆగాల్సిందే. మా పిల్లలు తుపాకీని మొదటిసారి అక్కడ చూడాలని నా కోరిక.

.22 పిస్టల్‌కి 1959 ఆయుధాల చట్టం కింద లైసెన్సు కావాలి, ఉండి తీరాలి కూడా. కానీ గుండు బయటికొచ్చే శక్తి 20 జౌల్స్ లోపు ఉండే 4.5 ఎంఎం ఎయిర్ పిస్టల్‌కి (గాలి ఒత్తిడితో కాల్చేదానికి) ఆ లైసెన్సు అక్కర్లేదు, 10 మీటర్ల హాలుంటే చాలు. అక్కడ చెయ్యి కుదిరిన పిల్లల్ని .22కి తీసుకెళ్లాలంటే 25 మీటర్ల జాగా, వెనక ఎత్తుగా మట్టికట్ట, తూటాలు లెక్క రాసి తాళం వేసే గది, విసుక్కోని కోచ్ కావాలి. అనంతపురంలో జాగాకి కరువా, మట్టికి కరువా? 2010లో స్పెయిన్ టెన్నిస్ స్టార్ నాదల్ పేరుతో టెన్నిస్ స్కూల్ పెట్టగలిగిన ఊరు ఇది. కర్నూలు, కడపల్లో పోలీస్ బెటాలియన్లు ఉన్నాయి, ఆయుధాలు తెలిసిన రిటైర్డ్ మాస్టర్లు ఉన్నారు. మీ ఊళ్లో క్రీడాశాఖ అధికారిని కలిసినప్పుడు ఇంకో క్రికెట్ నెట్ అడిగే బదులు ఈసారి ఇలాంటి షూటింగ్ రేంజ్ అడగండి.