తెర చివరిదాకా ఉండాల్సిందే

1970లో అమెరికాలోని అయిదు అగ్రశ్రేణి ఆర్కెస్ట్రాల్లో మహిళలు నూటికి అయిదుగురైనా లేరు. 2022 చివరికొచ్చేసరికి వాటిలో ఒకటైన న్యూయార్క్ ఫిల్హార్మోనిక్‌లో మహిళలు 45 మంది, పురుషులు 44 మంది. ఈ మార్పులో ఒక గుడ్డ తెరకూ వాటా ఉంది. ఆడిషన్‌లో, అంటే ఎంపిక పరీక్షలో, వాయించేది ఎవరో కమిటీకి కనబడకుండా అడ్డుగా కట్టే తెర అది. బోస్టన్ సింఫనీ 1952లోనే దాన్ని కట్టింది. మిగతావాటిలో చాలావరకు 70, 80 దశకాల్లో ఆ దారి పట్టాయి.

తెర కడితే చాలదు. అభ్యర్థికి పేరుండదు, అంకె ఉంటుంది. నేలమీద తివాచీ పరుస్తారు. లేకుంటే మడమల చప్పుడే వచ్చింది ఆడో మగో చెప్పేస్తుంది. సందేహం వస్తే పక్కనున్న పర్యవేక్షకుడి చెవిలో చెప్పాలి, కమిటీని ఆయనే అడుగుతాడు. గొంతు సవరించుకున్నా గుట్టు రట్టే.

ఇన్ని జాగ్రత్తలూ చాలాచోట్ల తొలి రౌండ్లకే. ఫైనల్లో తెర తీసేస్తారు. తోటివారితో కలిసి ఎలా వాయిస్తారో చూడాలట! అది చూడటానికేగా ప్రొబేషన్ పెట్టుకున్నది? న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ ఒపెరా చివరిదాకా తెర ఉంచుతోంది, దాని వాద్యబృందానికేమీ లోటు రాలేదు.

తెర వల్ల తొలి రౌండు దాటే మహిళల అవకాశం సగం మేర పెరిగిందని ఆర్థికవేత్తలు క్లాడియా గోల్డిన్, సిసిలియా రౌజ్ 2000లో లెక్కగట్టారు. నమూనా చిన్నదని గణాంక నిపుణులు తప్పుపట్టారు, అందులో పస ఉంది. అంతమాత్రాన తెర తీసేయనక్కర్లేదు. అమెరికా ఆర్కెస్ట్రాల్లో నల్లజాతీయులు 2014 నాటికి 1.8 శాతమే ఉన్నారు కాబట్టి, వారిని చూసి ఎంచుకునేందుకు తెర తొలగించాలన్న వాదన 2020లో బలంగా వినిపించింది. ఆ కొరతకు మూలం తెరకు చాలా ముందే ఉంది: ఖరీదైన వాద్యం, ఏళ్ల తరబడి ప్రైవేటు శిక్షణ, ఆడిషన్‌కు సొంత డబ్బుతో ప్రయాణం. పెద్ద వయొలిన్‌లా ఉండే చెల్లో వాయించేవారు విమానంలో వాద్యానికీ ఓ టికెట్టు కొనాలి. ఆ ఖర్చు ఆర్కెస్ట్రాలే భరించాలి.

తెర జీతాన్ని కాపాడదన్నదీ నిజమే. బోస్టన్ సింఫనీ అప్పటి ప్రధాన ఫ్లూట్ వాద్యకారిణి ఎలిజబెత్ రో, పక్కనే కూర్చునే ప్రధాన ఓబో (సన్నాయి లాంటి వాద్యం) వాద్యకారుడి జీతంలో సుమారు ముప్పాతిక వంతే, అంటే 75 శాతమే, తనకిస్తున్నారంటూ 2018 జులైలో కోర్టుకెక్కారు. 2019లో రాజీ కుదిరింది. ప్రధాన వాద్యకారులతో విడివిడిగా కుదుర్చుకునే ఒప్పందాల్లో అంకెలను యాజమాన్యాలు వాద్యకారుల కమిటీ ముందు పెట్టాలి.