డబ్బులు కట్టాం కదా!

నిన్న రాత్రే మెక్సికోలోని కాంకూన్ నుంచి ఇంటికి చేరాం. సూట్‌కేసులు ఇంకా విప్పలేదు. ముందు ఈ కోపం దించుకోవాలి.

మొన్న ఆ పక్కనే ఉన్న ప్యూర్టో మోరెలోస్‌లో, సముద్రంలోని పగడపు దిబ్బ చూడటానికి పడవ ఎక్కాం. గైడ్ చెప్పినవి మూడే ముక్కలు: ఒంటికి సన్‌స్క్రీన్ పూయకండి, దేన్నీ ముట్టుకోకండి, ఎక్కడా నిలబడకండి. నీళ్లలోకి దిగిన అయిదో నిమిషంలో మా తోడల్లుడు చేసిన పని ఏమిటో తెలుసా? నిలబడ్డాడు. ఒక మెదడు పగడం (మెదడులా మెలికలు తిరిగి ఉంటుంది) మీద రెండు కాళ్లూ ఆనించి, బొటనవేలు పైకెత్తి, "అన్నయ్యా, ఒక ఫొటో తీయండి!"

ఆ పగడం అన్నం పళ్లెమంత ఉంది. ఏడాదికి పెరిగేది కొన్ని మిల్లీమీటర్లే. అంటే ఈయన తొక్కింది వయసులో తనకన్నా పెద్దదాన్నేమో! గైడ్ ఈల వేశాడు, చేతులు ఊపాడు. ఈయన తాపీగా దిగి, "రాయే కదా. అయినా డబ్బులు కట్టాం కదా" అంటూ చేతికున్న టికెట్టు పట్టీ చూపించాడు.

రాయి కాదు మహాప్రభో, వేల జీవులు కలిసి కట్టుకున్న ఇల్లు. తుఫాను వస్తే అలల బలాన్ని ఒడ్డు చేరకముందే విరిచేది అదే. అందుకే కదా 2019లో అక్కడి కింటానా రూ రాష్ట్రంలో ఆ పగడపు దిబ్బకు బీమా చేయించారు! అవును, పగడానికి బీమా. గాలి వేగం ఒక హద్దు దాటితే డబ్బు వస్తుంది. 2020లో డెల్టా తుఫాను తర్వాత వచ్చింది కూడా. డైవర్లు మునిగి, విరిగిన ముక్కలు ఏరి, మళ్లీ అతికించారు. కానీ ఆ బీమా తుఫానులకే. తోడల్లుళ్లకు వర్తించదు.

ఇక హోటల్ సంగతి. స్నానాల గదిలో ఆకుపచ్చ చీటీ: సముద్రాన్ని కాపాడటానికి తువ్వాలు మళ్లీ వాడాలట. వాడతాను స్వామీ, నాకేం పోయింది? మరి ఆ తీరంలో హోటళ్లు లేచింది ఎలా? మడచెట్లు నరికి, బురద పూడ్చి. దిబ్బల మీద తిరిగే చిలుక చేపల్లో కొన్ని పిల్లలుగా ఉన్నప్పుడు ఆ మడవేళ్ల సందుల్లోనే పెరుగుతాయి. 2016 జనవరిలో కాంకూన్‌లోనే తహమార్ అనే చోట పోలీసుల కాపలా మధ్య యంత్రాలు దిగి మడ అడవిని చదును చేశాయి. మడచెట్లు నరకకూడదని 2007లోనే అక్కడ చట్టం వచ్చింది కదా అంటారా? అనుమతి అంతకు ముందే తీసుకున్నారట. ఇదీ "డబ్బులు కట్టాం కదా" బాపతే. చివరికి సముద్రం భారమంతా నా తువ్వాలు మీద పడింది.

మడ అంటే గుర్తొచ్చింది. ఆరేళ్ల కిందట కోరింగలో చెక్క వంతెన మీద నడుస్తుంటే ఇదే మనిషి చిప్స్ ప్యాకెట్ ఖాళీ చేసి వేళ్ల మీదికి విసిరాడు. "పోటు వస్తే కొట్టుకుపోతుంది లెండి అన్నయ్యా" అన్నాడు. అందుకోవాలని వంగితే నా కళ్లజోడు బురదలో పడింది. ప్యాకెట్టూ అందలేదు, కళ్లజోడూ దొరకలేదు. అందరూ పగలబడి నవ్వారు. ఆ కథ ఇప్పటికీ ప్రతి పండుగకూ చెబుతారు, చిప్స్ ప్యాకెట్ ముక్క మాత్రం వదిలేసి.

పగడం మీద నిలబడ్డ ఫొటో పొద్దున్నే కుటుంబం గ్రూపులోకి వచ్చింది. ఇప్పటికి 26 లైకులు. మొదటిది మా ఆవిడది.