ర్యాంకుల జల్లెడలో నిలవని డాక్టరు

1948 జూలై 31న లండన్ శివారు ఇల్‌ఫర్డ్‌లో ఫ్రాన్స్‌తో భారత్ ఒలింపిక్స్ ఫుట్‌బాల్ మ్యాచ్. మనవాళ్లలో ఎక్కువమంది బూట్లు లేకుండానే దిగారు. రెండు పెనాల్టీలు చేజార్చుకుని 1-2తో ఓడారు. కెప్టెన్ తాలిమెరెన్ ఆవో అప్పటికి ఇంకా మెడికల్ విద్యార్థే. సొంతూరు నాగా కొండల్లోని చాంగ్‌కి. తండ్రి 1935లో టైఫాయిడ్‌తో పోయారు. కొడుకు డాక్టరు కావాలన్నది ఆయన కోరిక. ఆర్సెనల్ క్లబ్ ఏడాది కాంట్రాక్టు ఇస్తామన్నా చదువు కోసం వద్దన్నారని చెబుతారు. చదువయ్యాక కొండలకే తిరిగొచ్చి కోహిమా ఆసుపత్రిలో చేరారు, నాగాలాండ్ ఆరోగ్య శాఖ డైరెక్టరుగా 1978లో రిటైరయ్యారు.

ఈ కథ చెప్పేవాళ్లంతా ఆటా చదువూ రెండూ సాధించాడని మురిసిపోయి ఆగిపోతారు. అసలు చూడాల్సింది ఆయనకు పట్టిన కాలం. కలకత్తా కార్మైకేల్ కాలేజీలో (ఇప్పటి ఆర్జీ కర్) 1942లో చేరితే ఎంబీబీఎస్ చేతికొచ్చింది 1950లో. ఎనిమిదేళ్లు! మధ్యలో మోహన్ బగాన్‌కి ఆడారు.

అలాంటి కుర్రాడు ఇవాళ చింతపల్లిలోనో అరకులోనో ఉంటే? విశాఖలో ఇంటర్‌కి చేరే కాలేజీ ఒక అపార్ట్‌మెంటు. గ్రౌండు అడిగితే సెల్లార్ చూపిస్తారు, అందులో కూడా బైకులే. టైంటేబుల్లో గేమ్స్ పీరియడ్ ఉంటుంది, ఆ గంటలో స్టడీ అవర్ నడుస్తుంది. చివర్లో మెడికల్ ఎంట్రన్స్ నీట్: మూడు గంటల్లో 180 ప్రశ్నలు. తప్పితే ఏడాది లాంగ్‌టర్మ్ కోచింగ్, మళ్లీ తప్పితే ఇంకో లాంగ్‌టర్మ్. విచిత్రమేమిటంటే, సీటొచ్చాక ఎంబీబీఎస్ పూర్తిచేయడానికి నిబంధనలు తొమ్మిదేళ్ల దాకా గడువిస్తాయి. అంటే ఆవో లోపల ఉంటే ఇవాళ కూడా గట్టెక్కేవారే. ఆయన ఆగిపోయేది గుమ్మం దగ్గర.

డాక్టరు దగ్గర ప్రాణాలుంటాయి, మార్కులు చూడకపోతే ఎలా అంటారు. చూడాల్సిందే, కటాఫ్ ఉండాల్సిందే. కానీ కటాఫ్ దాటాక పైన వచ్చే ప్రతి మార్కూ ఏజెన్సీ పీహెచ్‌సీలో పనికొస్తుందా?

పాముకాటు కేసే తీసుకోండి. అక్కడ పెద్ద ల్యాబ్ లేదు. కొత్త గాజు గొట్టంలో 2 మిల్లీలీటర్ల రక్తం పోసి 20 నిమిషాలు కదపకుండా నిలబెట్టాలి. తర్వాత ఒక్కసారి వంచాలి. నీళ్లలా జారిందంటే రక్తపింజరి విషం ఎక్కినట్టు లెక్క. యాంటీవెనమ్ 10 వయల్స్ సెలైన్‌లో కలిపి గంటలోపు ఎక్కించాలి, ఆరు గంటలకు మళ్లీ అదే పరీక్ష. ప్లాస్టిక్ గొట్టమైనా, సబ్బుపొడితో కడిగిన గొట్టమైనా మంచి రక్తం కూడా గడ్డకట్టదు. అవసరం లేని మందు పడి రియాక్షన్ వస్తుంది. కట్లపాము కాటైతే ఇంకో ప్రమాదం: రక్తం చక్కగా గడ్డకడుతుంది, కనురెప్పలు మాత్రం వాలిపోతూ ఉంటాయి. గొట్టాన్నే నమ్ముకుని పంపేస్తే మనిషి దక్కడు.

వైవాక్స్ మలేరియాకి ప్రైమాక్విన్ 14 రోజులు మింగాలి. మూడో రోజుకి జ్వరం తగ్గుతుంది, మాత్రలు ఆపేస్తారు. లివర్లో దాగిన పరాన్నజీవి నెలల తర్వాత మళ్లీ లేస్తుంది. కువి, ఆదివాసీ ఒరియా మాటల్లో నచ్చజెప్పి, పదో రోజున మాత్రల అట్ట తిప్పి ఎన్ని మిగిలాయో లెక్కపెట్టే డాక్టరు కావాలి. ఏజెన్సీలో పనిచేస్తానని బాండు రాయించుకుని పంపిన డాక్టరు ఆ సమయానికి పీజీ ఎంట్రన్స్ పుస్తకం ముందు కూర్చుని ఉంటాడు. అతన్నీ తప్పుపట్టలేం, మనం నేర్పిన చదువే అది. రోగి మాత్రం ఘాట్ రోడ్డు దిగి విశాఖ పెద్దాసుపత్రి కేజీహెచ్‌కి వస్తూనే ఉంటాడు.

పాడేరులో మెడికల్ కాలేజీ 2024లో మొదలైంది. మంచిదే, కానీ కాలేజీ కొండ మీద ఉన్నంత మాత్రాన డాక్టరు కొండ మీద ఉండడు. వంద శాతం స్థానికులకే అంటే కోర్టులో నిలవదని, ఏజెన్సీ టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇచ్చిన జీవో నంబరు 3 గతి 2020లో చూశాం. అందుకని మెడికల్ సీట్లలో కొంత వాటాయే చాలు: ఆరు నుంచి పది దాకా ఏజెన్సీ ఆశ్రమ పాఠశాలల్లో చదివి నీట్ కటాఫ్ దాటినవాళ్లకి. ఆ బడుల పిల్లలకి నీట్‌కి ముందు రెండేళ్ల కోచింగ్‌ని గిరిజనాభివృద్ధి సంస్థ ఐటీడీఏ పాడేరులోనే పెట్టాలి, విశాఖ అపార్ట్‌మెంట్లలో కాదు. సాయంత్రం ఐదింటికి పుస్తకం మూసి బంతి ఇవ్వాలి.