వాయిదా తప్పితే దావా పోవాల్సిందేనా?

గోదావరికి వరదొస్తే కోనసీమ లంకల కాజ్‌వేలు మునిగిపోతాయి. ఆ రోజు అమలాపురం కోర్టులో వాయిదా ఉన్న రైతు పడవ కోసం రేవులో నిలబడి ఉండగానే, కోర్టులో బంట్రోతు అతని పేరు మూడుసార్లు పిలిచేస్తాడు. ప్రతివాది హాజరు, వాది లేడు, ప్లీడరూ పలకలేదు. దావా డిఫాల్ట్ కింద, అంటే రాలేదన్న ఒక్క కారణంతో, డిస్మిస్. కాగితం ఒక్కటీ చదవకుండా కేసు ముగిసిపోతుంది. ఇది న్యాయం కాదు.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 9వ ఆర్డర్ దీన్ని అనుమతిస్తుందన్న మాట నిజమే. 8వ రూలు కింద కొట్టేస్తే అదే కారణంపై మళ్లీ దావా వేయడానికి లేదు. ఉన్న దారల్లా కొట్టేసిన దావాను మళ్లీ తెరవమని అడిగే రిస్టోరేషన్ పిటిషన్. దానికి గడువు 30 రోజులు. ఆ 30 రోజులు లెక్కపెట్టేది దావా కొట్టేసిన తేదీ నుంచి, వాదికి సంగతి తెలిసిన రోజు నుంచి కాదు. అసలు అన్యాయం ఇక్కడుంది. మన డెల్టాలో కొబ్బరి తోట వాటా కోసం దావా వేసిన మనిషి కువైట్‌లో పనిచేస్తూ ఉంటుంది. ఫోన్ చేస్తే గుమస్తా 'వాయిదా పడిందమ్మా, మళ్లీ చెప్తాం' అంటాడు. ఈలోగా ప్లీడరు గారు మంచాన పడితే ఆమెకు చెప్పే దిక్కుండదు. ఎప్పటికో తెలిశాక జాప్యం మాఫీ చేయమని ఇంకో పిటిషన్, దానికి ఇంకో ఫీజు.

రికార్డు చూడకుండా, కేవలం గైర్హాజరు వల్ల క్రిమినల్ అప్పీలు కొట్టేయకూడదని సుప్రీంకోర్టు 1996లోనే బాని సింగ్ కేసులో చెప్పింది. భూసేకరణ పరిహారం తగాదా తేల్చమని కోర్టుకు పంపే రిఫరెన్సునూ డిఫాల్ట్ కింద తోసిపుచ్చడానికి వీల్లేదని 2002లో ఖజాన్ సింగ్ కేసులో తేల్చింది. ప్లీడరు చేసిన తప్పుకు కక్షిదారుణ్ని శిక్షించకూడదని 1981 రఫీక్ తీర్పు. భూమి పోయినవాడి పరిహారానికి ఉన్న రక్షణ, భూమి కాపాడుకుందామని కోర్టుకొచ్చినవాడికి ఎందుకు లేదు?

స్టే తెచ్చుకుని కేసు గాలికొదిలేసే ఘనులు ఉన్నారు, ఒప్పుకుంటాను. వాళ్ల వల్ల అవతలివాడు ఏళ్ల తరబడి నలిగిపోతాడు. అలాంటివాళ్లకూ ముందు ఒక్క నోటీసు ఇవ్వండి, రాకపోతే కొట్టేయండి. కోర్టుల ఆన్‌లైన్ వ్యవస్థ ఈ-కోర్ట్స్‌లో ఎస్సెమ్మెస్ ఏర్పాటు ఇప్పటికే ఉంది. తెలుగులో, నేరుగా కక్షిదారు ఫోనుకే, 'ఫలానా తేదీకి రాకపోతే మీ దావా పోతుంది' అని ఒక మెసేజ్, దాంతోపాటు ఇంటికి ఒక కార్డు. ఆ రెండూ పంపినట్టు ఫైల్లో రాసి ఉంటే తప్ప డిస్మిస్ చేయకూడదు.

ఇంత కఠినత్వం సర్కారు మీద మాత్రం ఎప్పుడైనా చూశామా? దావాలో జవాబు 30 రోజుల్లో, మహా అయితే 90 రోజుల్లో వేయాలని కోడ్ చెబుతుంది. అది తప్పనిసరి కాదని 2005లో కైలాష్ తీర్పు వెసులుబాటిచ్చింది. ఇక హైకోర్టు రిట్లలో మురుగు కాలువ ఆక్రమణ గురించో, లంక భూమి పట్టా గురించో ప్రభుత్వ ప్లీడరు కౌంటరుకు, అంటే జవాబు వేయడానికి, టైమ్ అడుగుతూనే ఉంటారు, కోర్టు ఇస్తూనే ఉంటుంది. జీతాలిచ్చి లాయర్లను పెట్టుకున్న ప్రభుత్వానికి వాయిదా మీద వాయిదా, పడవ దొరకని రైతుకు ఒకే పిలుపు. కింది కోర్టుల విధానానికి రూల్స్ సవరించే అధికారం కోడ్ 122వ సెక్షన్ కింద హైకోర్టుకే ఉంది. ఆ నోటీసు నిబంధనను ఈ వరదల సీజన్ రాకముందే అమరావతి నుంచి తీసుకురావాలి.