అడగకుండా పేల్చిన ‘శాంతి’

అణుబాంబుతో ఓడరేవులు తవ్వొచ్చని, కాలువలు తీయొచ్చని పేరున్న శాస్త్రవేత్తలే నమ్మిన రోజులున్నాయి. అమెరికా అణుశక్తి కమిషన్ 1957లో ఇందుకోసం ‘ప్లౌషేర్’ అనే కార్యక్రమమే మొదలుపెట్టింది. 1962 జూలైలో నెవాడా ఎడారిలో 104 కిలోటన్నుల బాంబు పేలిస్తే 390 మీటర్ల వెడల్పు, 100 మీటర్ల లోతున గొయ్యి పడింది. తవ్వకం క్షణాల్లో అయిపోయింది, నిజమే. అయితే రేడియోధార్మిక ధూళి గాలివాటున రాష్ట్రాలు దాటిపోయింది.

రాతిపొరల్లో చిక్కుకున్న సహజవాయువు (గ్యాస్) కోసం చేసిన ప్రయోగాలది ఇంకో కథ. 1967లో న్యూమెక్సికోలో, 1969, 1973ల్లో కొలరాడోలో భూగర్భంలో బాంబులు పేల్చారు. గ్యాస్ వచ్చింది, దాంతోపాటు ట్రిటియం అనే రేడియోధార్మిక పదార్థం కూడా వచ్చింది. అలాంటి గ్యాస్‌తో పొయ్యి వెలిగించుకునేదెవరు? ఓటర్ల అనుమతి లేనిదే అణు పేలుడు జరపకూడదని కొలరాడో ప్రజలు 1974లో తమ రాష్ట్ర రాజ్యాంగాన్నే సవరించుకున్నారు. అలాస్కా తీరంలో బాంబులతో ఓడరేవు తవ్వాలని హైడ్రోజన్ బాంబు శాస్త్రవేత్త ఎడ్వర్డ్ టెల్లర్ పట్టుబట్టినా, వేట మీద బతికే పాయింట్ హోప్ గ్రామ ఆదివాసులు ఇనుపియాట్లు ఎదురుతిరిగారు. 1962లో ఆ ప్రాజెక్టు అటకెక్కింది.

సోవియట్ యూనియన్‌లో అలా అడ్డుకునే వీలు ఎవరికుంది? అక్కడ ఇలాంటి పేలుళ్లు 120 దాటాయి. 1965లో కజకిస్థాన్‌లోని చాగాన్ వద్ద ఏకంగా ఓ చెరువే తయారైంది. ఒక్క మేలు మాత్రం ఒప్పుకోవాలి. ఉజ్బెకిస్థాన్‌లోని ఉర్తాబులాక్‌లో దాదాపు మూడేళ్లుగా మండుతున్న గ్యాస్ బావిని 1966లో భూగర్భ పేలుడుతో ఆర్పేశారు. కానీ 1995లో కోనసీమను రెండు నెలలు హడలెత్తించిన పాసర్లపూడి బ్లోఅవుట్ (అదుపుతప్పి ఎగజిమ్మిన గ్యాస్ బావి మంట) ఏ అణుబాంబూ లేకుండానే ఆరింది.

మన దేశమూ 1974 మే 18న పోఖ్రాన్‌లో జరిపినదాన్ని ‘శాంతియుత అణు విస్ఫోటం’ అనే చెప్పింది. దాంతో కాలువ తవ్వింది లేదు, గ్యాస్ తీసింది లేదు. కెనడా అణు సహకారం ఆపేసింది, అణు సామగ్రి ఎగుమతులకు కళ్లెం వేసే అణు సరఫరా దేశాల కూటమి పుట్టుకొచ్చింది. అది బాంబేనని, ఆ ప్రయోగాన్ని నడిపించిన శాస్త్రవేత్త రాజా రామన్న 1997లో బాహాటంగానే అన్నారు.

1996 నాటి సమగ్ర అణు పరీక్షల నిషేధ ఒప్పందం (సీటీబీటీ) ‘శాంతియుత’ పేలుళ్లనూ నిషేధించింది. ఆ ఒప్పందంపై భారత్ సంతకం చేయాలా వద్దా అన్నది వేరే చర్చ. పరిశ్రమ పేరు చెప్పి అణు పేలుళ్లకు మినహాయింపు అడిగేవారు రేపు ఎక్కడ బయల్దేరినా, వారికి తలుపు తెరవకూడదన్నదే మా మాట.