కింది మెట్టుకు పరీక్ష, పై మెట్టుకు పరిచయం

కొన్ని సూత్రాలు ఎవరూ ఆమోదించకపోయినా అమలవుతూనే ఉంటాయి. ఎత్తుకు పోయేకొద్దీ గాలి పలచబడుతుంది. న్యాయవ్యవస్థలో పైకి పోయేకొద్దీ అర్హతల పట్టిక పలచబడుతుంది. మొదటిది స్కూలు పుస్తకాల్లో ఉంది. రెండోదాన్ని ఇంతవరకు ఎవరూ పాఠంగా పెట్టలేదు కాబట్టి, జడ్జీలు కాదలచుకున్న యువతీ యువకుల క్షేమం కోరి ఆ పని నేను నెత్తికెత్తుకుంటున్నాను. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టమంటే నాకు అపారమైన గౌరవమనీ, ఇందులోని ప్రతి అక్షరం ఆ గౌరవంతోనే రాశాననీ ముందుగా మనవి.

అట్టడుగు మెట్టు నుంచి వద్దాం. మన దేశంలో జూనియర్ సివిల్ జడ్జి కావాలంటే లా డిగ్రీ ఉండాలి. తర్వాత స్క్రీనింగ్ టెస్టు. అది గట్టెక్కితే రాత పరీక్ష. అదీ గట్టెక్కితే వైవా, అంటే ఎదురుగా కూర్చోబెట్టి అడిగే మౌఖిక పరీక్ష. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్లూ రూళ్లూ నిద్రలో లేపి అడిగినా చెప్పాలి. హత్యకు సెక్షన్ 302 అని ఏళ్ల తరబడి బట్టీ పట్టినవాడు, పాత శిక్షాస్మృతి పోయి కొత్తది రావడంతో 2024 జులై 1 నుంచి 103 అని మళ్లీ బట్టీ పట్టాల్సి వచ్చింది. హత్యలు మాత్రం పాత పద్ధతిలోనే జరుగుతున్నాయి.

ఈ అభ్యర్థికి ప్రాక్టీసు ఉండాలా వద్దా అన్న చిన్న సందేహం కూడా ఉంది. 1993లో సుప్రీంకోర్టు, మూడేళ్లు నల్లకోటు వేసుకుని తిరిగొచ్చాకే పరీక్ష రాయమంది. 2002లో, ఆ తిరుగుడు అక్కర్లేదు, కాలేజీ నుంచి నేరుగా వచ్చేయమంది. 2025 మే 20న, అలా కాదు, మూడేళ్లు తిరిగే రమ్మంది. ముగ్గురు వేర్వేరు కక్షిదారులు అడిగితే వచ్చిన జవాబులు కావు ఇవి. అడిగింది ఒకే జడ్జీల సంఘం, చెప్పింది ఒకే కోర్టు. మూడూ ఆయా కాలాల్లో సరైన జవాబులే. అదే అభ్యర్థి స్క్రీనింగ్ టెస్టులో ఒకే ప్రశ్నకు మూడు జవాబులు దిద్దితే సున్నా వేస్తారు.

స్క్రీనింగ్ టెస్టు సంగతి వచ్చింది కాబట్టి ఇక్కడ కాస్త ఆగాలి. పరీక్ష అయ్యాక 'కీ' విడుదల చేస్తారు. ఫలానా ప్రశ్నకు జవాబు 'బి' అని అందులో ఉంటుంది. 'సి' దిద్దిన అభ్యర్థి ఊరుకోడు. కాబోయే జడ్జి కదా, రిట్ వేస్తాడు. పరీక్ష పెట్టిందీ హైకోర్టే, విచారించేదీ హైకోర్టే. ఇలాంటి కేసులు దేశంలో కొత్తేమీ కాదు. అనుభవజ్ఞులైన సీనియర్ లాయర్లు రెండు వైపులా నిలబడి, ఒకరు 'బి' ఎందుకు సరైనదో, మరొకరు 'సి' ఎందుకు సరైనదో గంటల తరబడి వాదిస్తారు. బెంచి తీర్పు రిజర్వు చేస్తుంది. పెద్దలంతా కలిసి వాయిదాల మీద వాయిదాలు తీసుకుని తేల్చే ఆ ప్రశ్నకు జవాబివ్వడానికి పరీక్ష హాల్లో కుర్రాడికి దొరికేది నిమిషం, మహా అయితే నిమిషంన్నర.

జిల్లా జడ్జిగా నేరుగా రావాలంటే 233వ అధికరణ ప్రకారం ఏడేళ్ల ప్రాక్టీసు ఉండాలి. కింది కోర్టు జడ్జీలైతే ప్రాక్టీసూ, జడ్జి కొలువూ కలిపి ఏడేళ్లున్నా చాలునని 2025లో సుప్రీంకోర్టు చెప్పింది. అక్కడా పరీక్ష ఉంది. అదే ఆఖరి పరీక్ష. హైకోర్టు గుమ్మం దగ్గర హాల్‌టికెట్ల వ్యవహారం ముగిసిపోతుంది. పదేళ్లు లాయరుగానో జడ్జిగానో ఉంటే చాలునని 217వ అధికరణ చెబుతోంది. ప్రశ్నపత్రం లేదు, కీ లేదు, ఉరిశిక్షను ఖరారు చేసేవారికి వైవా కూడా లేదు. చెల్లని చెక్కు కేసు చూసేవారికి మాత్రం మూడంచెల వడపోత.

మరి పైవారిని ఎలా ఎంపిక చేస్తారంటే, కొలీజియం చేస్తుంది, అంటే ప్రధాన న్యాయమూర్తీ, కొందరు సీనియర్ జడ్జీలూ కలిసిన బృందం. ఈ మాట కోసం రాజ్యాంగం ఎన్నిసార్లు తిరగేసినా లాభం లేదు, అది 1993, 1998 తీర్పుల్లో పుట్టింది. దీని బదులు ఒక కమిషన్ ఉండాలని పార్లమెంటు రాజ్యాంగాన్నే సవరిస్తే, 2015 అక్టోబరు 16న సుప్రీంకోర్టు నాలుగు ఒకట్ల తేడాతో కొట్టేసింది. జడ్జీలను ఎవరు ఎంపిక చేయాలన్న కేసును జడ్జీలే విని, జడ్జీల మాటే నెగ్గాలని తేల్చారు. ఎవరి కేసుకు వారే తీర్పరి కారాదన్న సూత్రం జూనియర్ సివిల్ జడ్జి సిలబస్‌లో ఉంది. పై మెట్లకు సిలబస్ లేదని చెప్పాను కదా. ప్రభుత్వానికి ఇందులో చేతులు లేవని ఎవరైనా జాలిపడితే అది వృథా జాలి. నచ్చిన పేరుకు రెక్కలు వస్తాయి, నచ్చని ఫైలు నానుతూ ఉంటుంది. అది నానడానికి గడువు కూడా ఉండదు.

సుప్రీంకోర్టు జడ్జి పదవికి 124వ అధికరణలో మూడు దారులున్నాయి. హైకోర్టు జడ్జిగా ఐదేళ్లు, లేదా హైకోర్టు లాయరుగా పదేళ్లు, లేదా రాష్ట్రపతి దృష్టిలో విశిష్ట న్యాయకోవిదుడై ఉండటం. ఈ మూడో దారి, చట్టాన్ని చదవడంలో, చదువు చెప్పడంలో జుట్టు నెరిసినవారి కోసం. 1950 నుంచి నేటి వరకు ఆ దారిన ఒక్కరూ రాలేదు. దీన్ని నిర్లక్ష్యం అనుకోకూడదు, ముందుచూపు అనుకోవాలి. లా ప్రొఫెసరును తెచ్చి బెంచి మీద కూర్చోబెడితే పెద్ద ఇబ్బంది ఉంది. ఆయన పాత తీర్పులన్నీ చదివి ఉంటాడు. పైగా, వాటిలో ఏది దేనితో పొసగదో ఏళ్ల తరబడి పిల్లలకు చెప్పి ఉంటాడు.

చదువున్నవారికి తలుపు తెరుచుకోలేదు గానీ, పట్టా లేనివారికి తెరుచుకుంది. 1967లో భారత ప్రధాన న్యాయమూర్తి అయిన కైలాస్‌నాథ్ వాంఛూకు లా డిగ్రీ లేదు. ఆయన ఐసీఎస్, అంటే బ్రిటిష్ కాలపు సివిల్ సర్వీసు, అధికారి. ఇవాళ ఆయన వచ్చి జూనియర్ సివిల్ జడ్జి పోస్టుకు దరఖాస్తు పెట్టుకుంటే ఆన్‌లైన్ ఫారం రెండో పేజీ కూడా తెరుచుకోదు. ఆయన తీర్పులను పట్టాలున్నవారి తీర్పుల మధ్య కలిపేసి ఇస్తే ఏది ఎవరిదో కనిపెట్టడం ఎవరి తరమూ కాదు. ఇది వ్యంగ్యం కాదు, నిజంగానే అంటున్నాను. ఆయనకు పొగడ్తగానో, పట్టాలకు తెగడ్తగానో, మీకు ఎలా వీలైతే అలా తీసుకోండి.

ఇదంతా మన ఒక్కరి ఘనతే అనుకుంటే పొరపాటు. అమెరికా రాజ్యాంగం సుప్రీంకోర్టు జడ్జికి ఏ అర్హతా పెట్టలేదు. డిగ్రీ అక్కర్లేదు, వయసు అక్కర్లేదు, ఆ దేశ పౌరసత్వం కూడా అడగలేదు. 1941లో అక్కడ జేమ్స్ బర్న్స్ అనే ఆయన జడ్జి అయ్యారు. పద్నాలుగో ఏట బడి మానేసి, లాయర్ల ఆఫీసులో పని చేస్తూ చట్టం నేర్చుకున్న మనిషి. అదే ఏడాది వచ్చిన రాబర్ట్ జాక్సన్ లా కాలేజీలో ఉన్నది ఒక్క ఏడాది. తర్వాత న్యూరెంబర్గులో నాజీ నాయకుల మీద అమెరికా తరఫున ప్రధాన ప్రాసిక్యూటరుగా నిలబడింది ఆయనే. ఆయన తర్వాత లా డిగ్రీ లేనివారెవరూ ఆ కోర్టుకు రాలేదు. ఇప్పుడున్న తొమ్మిదిమందిలో ఎనిమిదిమంది హార్వర్డో, యేలో. మిగిలిన ఒక్కరు నోటర్‌డామ్ నుంచి రావడాన్ని అక్కడివాళ్లు వైవిధ్యం అంటారు.

రాజ్యాంగం అడగని అర్హతలన్నీ వాళ్లు ఎక్కడ అడుగుతారంటే, జడ్జి గారి దగ్గర పనిచేసే లా క్లర్కుల దగ్గర. పేరున్న లా కాలేజీలో క్లాసు మొదటి వరుస మార్కులు ఉండాలి, కింది కోర్టు జడ్జి దగ్గర ముందే ఒక ఏడాది పనిచేసి ఉండాలి. తీర్పుల తొలి ముసాయిదాలు చాలావరకు వీళ్ల చేతి మీదుగానే పోతాయి. ఈ పని వల్ల ఇంకో సౌకర్యం ఉంది. ఇప్పుడున్న తొమ్మిదిమందిలో ఆరుగురు ఒకప్పుడు అదే కోర్టులో క్లర్కులు. వారిలో ముగ్గురు, తాము పనిచేసిన జడ్జి ఖాళీ చేసిన కుర్చీలోనే వచ్చి కూర్చున్నారు. మన దగ్గర కొడుకులూ మేనల్లుళ్లూ వస్తున్నారని గొడవ పెట్టేవాళ్లు, రక్తసంబంధం లేకుండానే వారసత్వం నడిపిన ఈ పద్ధతిని గమనించాలి.

ఇక్కడ నా సూత్రానికి ఒక చిక్కు వచ్చింది. కింది మెట్టులో కూడా చదువు అక్కర్లేని చోట్లు ఉన్నాయి. అమెరికాలోని కెంటకీ రాష్ట్రంలో లించ్ అనే చిన్న ఊరు. అక్కడి పోలీసు కోర్టు జడ్జి బొగ్గుగని కార్మికుడు. చట్టం ఎప్పుడూ చదవలేదు. ఆయన ముందుకు తాగి బండి నడిపిన కేసు వచ్చింది. మొదటిసారి దొరికినవాడికి ఆ రాష్ట్ర చట్టం ప్రకారం జరిమానాయే గానీ జైలు లేదు. జడ్జి గారు జరిమానాతో పాటు 30 రోజుల జైలూ వేశారు. చట్టం తెలిసిన జడ్జి ముందు విచారణ పొందడం నా హక్కు అంటూ ముద్దాయి అమెరికా సుప్రీంకోర్టు దాకా వెళ్లాడు. 1976లో ఆ కోర్టు, ఇందులో రాజ్యాంగానికి వచ్చిన ముప్పేమీ లేదంది. కారణం, నచ్చకపోతే లాయరైన జడ్జి ముందు కేసు మళ్లీ మొదటి నుంచి నడిపించుకోవచ్చు. అంటే చట్టం తెలియనివారి ముందు ఒకసారి, తెలిసినవారి ముందు ఇంకోసారి. న్యాయం ఆలస్యమవుతుందేమో గానీ, రెండు రకాలుగానూ దొరుకుతుంది.

పొరుగునే ఉన్న వెస్ట్ వర్జీనియాలో జడ్జీలను ప్రజలు ఓట్లేసి ఎన్నుకుంటారు. అక్కడ ఒక బొగ్గు కంపెనీ మీద 5 కోట్ల డాలర్ల తీర్పు పడింది. అప్పీలు రాష్ట్ర అత్యున్నత న్యాయస్థానానికి వెళ్లాల్సి ఉంది. సరిగ్గా ఆ సమయంలో, 2004లో, ఆ కోర్టులో ఒక సీటుకు ఎన్నిక వచ్చింది. కంపెనీ అధిపతి ఒక అభ్యర్థి గెలుపు కోసం 30 లక్షల డాలర్లు ఖర్చుపెట్టారు. అభ్యర్థి గెలిచారు. కేసు నుంచి తప్పుకోమంటే తప్పుకోలేదు. తీర్పు మూడు రెండ్ల తేడాతో కంపెనీ వైపు వచ్చింది. ఆయన తప్పుకుని ఉండాల్సిందని 2009లో అమెరికా సుప్రీంకోర్టు ఐదు నాలుగ్ల తేడాతో చెప్పింది. కెంటకీలో బొగ్గు తవ్వినాయన జడ్జి అయ్యారు, పక్క రాష్ట్రంలో బొగ్గు అమ్మినాయన జడ్జిని గెలిపించుకున్నారు. రెండింట్లో ఏది ఎక్కువ ప్రమాదమో తేల్చడానికి నాకైతే పెద్ద లా డిగ్రీ అవసరం పడలేదు.

ఇంగ్లండులో మరీ విచిత్రం. క్రిమినల్ కేసుల్లో నూటికి తొంభైకి పైగా తేలేది మేజిస్ట్రేట్ కోర్టుల్లో. అక్కడి మేజిస్ట్రేట్లలో ఎక్కువమంది చట్టం చదవని మామూలు మనుషులు, జీతం కూడా లేదు. చట్టం చదువుకున్న సలహాదారు ఒకరు వాళ్లకు దగ్గర్లో కూర్చుని ఏ సెక్షన్ ఏమంటుందో చెబుతుంటారు. ఇది చూశాక నా సూత్రాన్ని కొద్దిగా సవరిస్తున్నాను. కుర్చీ ఎంత పెద్దదన్నది కాదు ముఖ్యం. కుర్చీలో ఉన్నవారికి చట్టం రావాల్సిన పని లేని చోట, వచ్చినవారు ఒకరు పక్కనో కిందనో తప్పకుండా కూర్చుని ఉంటారు. వారి పేరు తీర్పు మీద ఉండదు.

జర్మన్ల గురించి రెండు ముక్కలు చాలు. అక్కడ లాయరు కాదలచుకున్నవాడు కూడా జడ్జికి సరిపడా చదువు చదవాలి. మధ్యలో రెండేళ్ల శిక్షణతో రెండు ప్రభుత్వ పరీక్షలు రాయాలి. మార్కులు 18కి వేస్తారు, 9 తెచ్చుకున్నవాణ్ని మొనగాడంటారు. ఇందులో వెక్కిరించడానికి నాకేమీ దొరకలేదు, అందుకని ముందుకు పోతున్నాను.

ఫ్రాన్స్ మాత్రం నెమ్మదిగా చూడాల్సిన దేశం. పాత రాజుల కాలంలో అక్కడ జడ్జి పదవిని డబ్బు పెట్టి కొనుక్కునేవారు. 1604 నుంచి, పదవి ఖరీదులో అరవయ్యో వంతు ఏటా ఖజానాకు కడితే దాన్ని పిల్లలకు రాసిచ్చేయవచ్చు కూడా. అధికారాల విభజన గురించి మన కోర్టులు నేటికీ గౌరవంగా తలుచుకునే మాంటెస్క్యూ అలా వచ్చినవాడే. 1716లో పెదతండ్రో పినతండ్రో చనిపోతే, ఎస్టేటుతో పాటు బోర్డో నగరపు ఉన్నత న్యాయస్థానంలో పలువురు అధ్యక్షుల్లో ఒకరి పదవి కూడా ఆయనకు వారసత్వంగా వచ్చింది. పదేళ్లు చేశాడు. విసుగొచ్చి 1726లో అమ్మేశాడు. న్యాయాధికారం స్వతంత్రంగా ఉండాలని 1748లో లోకానికి బోధించిన ఆ పెద్దమనిషే, రాజరికంలో పదవులు అమ్మడం మంచిదేనని కూడా రాశాడు. కుటుంబ వ్యాపారమైతే శ్రద్ధగా చేస్తారట. 1789 ఆగస్టు 4 రాత్రి విప్లవకారులు ఈ అమ్మకాన్ని రద్దు చేశారు. ఇప్పుడు ఫ్రెంచి జడ్జీలను తయారుచేసే జాతీయ పాఠశాల అదే బోర్డోలో ఉంది. గట్టి పోటీ పరీక్ష, 31 నెలల శిక్షణ, చివర్లో ర్యాంకులు. ర్యాంకు ప్రకారం ఎవరికి వారు పోస్టు ఎంచుకుంటారు. అంటే ఎవరూ కోరుకోని మారుమూల కోర్టుకు, అక్కడి కక్షిదారులు ఏ పాపం చేశారో గానీ, చివరి ర్యాంకు వస్తుంది.

ఇక పదవీ విరమణ తర్వాతి మెట్టు. చదువు, అర్హత అన్న పాత బరువులు పూర్తిగా దిగిపోయేది ఇక్కడే. సుప్రీంకోర్టు జడ్జి 65 ఏళ్లకు దిగిపోతారు. ఆ తర్వాత దేశంలో ఏ కోర్టులోనూ వాదించకూడదని 124వ అధికరణే ఆంక్ష పెట్టింది. అంటే జీవితమంతా చేసిన ఒక్క పని తప్ప ఏదైనా చేయవచ్చు. కోకా సుబ్బారావు గారు 1967లో విరమణ దాకా కూడా ఆగకుండా ప్రధాన న్యాయమూర్తి పదవి వదిలి రాష్ట్రపతి ఎన్నికల్లో నిలబడ్డారు, ఓడిపోయారు. అదే పదవి నుంచి దిగిన సదాశివం గారు 2014లో కేరళ గవర్నరయ్యారు. రంజన్ గొగోయ్ గారు 2020లో రాజ్యసభకు నామినేట్ అయ్యారు. అబ్దుల్ నజీర్ గారు 2023 జనవరిలో సుప్రీంకోర్టు నుంచి విరమణ పొంది, ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ గవర్నరయ్యారు. ఒకటి తర్వాత ఒకటి జరిగాయని మాత్రమే చెబుతున్నాను. ఒకదాని వల్ల ఇంకోటి జరిగిందని అనడానికి సాక్ష్యం కావాలి, నా దగ్గర లేదు.

గవర్నరు పదవికి 157వ అధికరణ పెట్టిన అర్హతలు రెండే. భారత పౌరుడై ఉండాలి, 35 ఏళ్లు నిండి ఉండాలి. స్క్రీనింగ్ టెస్టు లేదు.