చూపు అనే న్యాయస్థానంపై శాస్త్రవేత్తల ధిక్కారం

"నా కళ్ళతో నేను చూశాను" అని ఒక మనిషి అన్న తర్వాత ఇక వాదన ఉండకూడదన్నది మానవజాతి యావత్తూ పాటిస్తున్న మర్యాద. విన్నదాన్ని శంకించవచ్చు, చదివినదాన్ని కొట్టిపారేయవచ్చు, కానీ చూసినదానిపై అప్పీలు లేదు. అటువంటి తిరుగులేని తీర్పులిచ్చే న్యాయస్థానం మన మెదడు. అది నాలుగు శతాబ్దాలుగా శాస్త్రవేత్తలనే ఒక వర్గం చేతిలో అవమానాల పాలవుతోంది. వీరు విచారణను బయటి బల్లల మీద కూర్చుని వినడంతో తృప్తి పడక, న్యాయమూర్తి గదిలోకి తొంగిచూసి, తీర్పు ఎప్పుడు రాశారు, ఏ ఆధారంతో రాశారు, అసలు సాక్షిని పిలిచారా లేదా అని ఆరా తీశారు, తీసినదాన్ని అచ్చు కూడా వేశారు. దీన్ని ధిక్కారం అనక మరేమనాలో విజ్ఞులే చెప్పాలి.

మొదటి అపచారం 1604లో జరిగింది. కంటి వెనక ఉన్న రెటీనా మీద లోకమంతా తలకిందులుగా పడుతోందని యోహానెస్ కెప్లర్ ప్రకటించి, దాన్ని మళ్ళీ నిలబెట్టేదెవరో తత్త్వవేత్తలు తేల్చుకోవాలని వదిలేసి, తాను గ్రహాల లెక్కల్లోకి వెళ్ళిపోయాడు. ఆ తర్వాత 1660లలో ఎడ్మే మారియట్ అనే ఫ్రెంచి పండితుడు, దృక్‌నాడి కంటిని విడిచి బయటికి వెళ్ళే చోట చూపే లేదని కనిపెట్టి రచ్చ చేశాడు. దాన్ని అంధచుక్క అంటారు. వెలుతురును పసిగట్టే కణం ఒక్కటీ లేని ఆ ఖాళీ రెండు కళ్ళలోనూ ఉంది, ఒక కన్ను మూసుకున్నా మనకు మాత్రం కనపడదు, ఎందుకంటే మెదడు చుట్టుపక్కల రంగునూ గీతలనూ తెచ్చి అక్కడ పూస్తుంది. సాక్షి గైర్హాజరైనప్పుడు పక్కన నిలబడ్డవారి మాటను బట్టి అతని వాంగ్మూలాన్ని పూర్తిచేయడం కాలయాపనను నివారించే సత్సంప్రదాయమే తప్ప, దానిలో మోసమేముందో నాకు అర్థం కాదు.

సాక్ష్యం పరిమాణం గురించి కూడా వీరికి ఫిర్యాదులున్నాయి. ఒక్కో కంటిలో వెలుతురును పసిగట్టే కణాలే సుమారు 12 కోట్ల దండ కణాలు, 60 లక్షల శంకు కణాలు ఉంటే, వాటి మాటను మెదడుకు మోసుకెళ్ళే దృక్‌నాడిలో ఉన్న పోగులు దాదాపు 10 లక్షలు మాత్రమే. అంటే విచారణ మొదలయ్యే ముందే, కంటి లోపలే, వాంగ్మూలాలను కుదించి సారాంశం పంపుతున్నారన్న మాట. పైగా స్పష్టంగా కనపడేది రెటీనా నడుమ పచ్చచుక్క అనే చోటి మధ్యలోని చిన్న గుంటలో పడినంత మేరే, అంటే చాచిన చేతి బొటనవేలి గోరంత. మిగిలిన దృశ్యమంతా మసక. ఆ మసకను దాచడానికి కన్ను సెకనుకు మూడు సార్ల చొప్పున గెంతుతూ ఉంటుంది, గెంతే సమయంలో మెదడు చూపును అణచివేస్తుంది. అనుమానమున్నవారు అద్దం ముందు నిలబడి తమ ఎడమ కంటి నుంచి కుడి కంటికి చూపు మార్చి చూడవచ్చు. కళ్ళు కదలడం పక్కనున్నవారికి కనపడుతుంది గానీ, కదిపినవారికి కనపడదు. ఏ విచారణలోనైనా కొన్ని ఘట్టాలను కక్షిదారుకు చూపకపోవడమే మంచిది.

నన్ను అన్నిటికన్నా బాధపెట్టిన ఆరోపణ మరొకటి ఉంది. కంటి నుంచి వచ్చే సమాచారం థాలమస్ అనే మజిలీలో ఆగి మెదడు వెనక భాగానికి వెళుతుంది. ఆ మజిలీలో లెక్క తీస్తే, కంటి నుంచి వచ్చే నాడీ సంధానాలకన్నా మెదడు పైపొర అయిన వల్కలం నుంచి కిందికి దిగే సంధానాలే ఎక్కువని తేలింది. సాక్షుల నుంచి న్యాయమూర్తికి చేరే కాగితాలకన్నా, న్యాయమూర్తి నుంచి సాక్షుల దారిలోకి వచ్చే కాగితాలు అధికమని దీని అర్థం. ఏది కనపడబోతోందో ముందే తెలిసిన న్యాయమూర్తి సాక్షికి కాస్త దారి చూపితే తప్పేమిటి? చూడడమంటే మనకు తెలియకుండా జరిగే అనుమానమేనని, అంటే ఆధారాలను బట్టి తేల్చే ఊహేనని, జర్మన్ శాస్త్రవేత్త హెల్మ్‌హోల్ట్జ్ 19వ శతాబ్దంలోనే రాశాడు. ప్రత్యక్షం వేరు, అనుమానం వేరు అని తర్కశాస్త్రంలో పాఠాలు చెప్పినవారు ఆ మాట విని ఉంటే చాలా గ్రంథాలను మళ్ళీ రాసుకోవలసి వచ్చేది.

ఇక న్యాయస్థానపు లోపలి వ్యవహారం. 1950ల చివర డేవిడ్ హ్యూబెల్, టోర్స్టెన్ వీజెల్ అనే ఇద్దరు, మత్తు ఇచ్చిన పిల్లి దృశ్య వల్కలంలో సన్నని ఎలక్ట్రోడు దూర్చి, తెర మీద చుక్కలు చూపుతూ గంటల తరబడి కూర్చున్నారు. కణం పలకలేదు. చుక్క గీసిన గాజు స్లైడును పరికరంలోకి జరుపుతుండగా గాజు అంచు నీడ సన్నని గీతలా తెర మీద కదిలింది, అంతే, కణం టపటపా మోగింది. చుక్కను చూపితే నిద్రపోయి గీతను చూపితే లేచే ఈ గుమాస్తాల్లో ఒక్కొక్కరికి ఒక్కొక్క వాలు మాత్రమే తెలుసు. నిటారు గీత వాడు ఐమూల గీతను పట్టించుకోడు, అది తన విభాగం కాదు. ఈ ఆవిష్కరణకు 1981 నోబెల్ బహుమతిలో ఆ ఇద్దరికీ వాటా దక్కింది, ప్రధాన సాక్షి అయిన పిల్లికి ప్రయాణ భత్యమైనా దక్కలేదు. గీతలు మూలలవుతాయి, మూలలు ఆకారాలవుతాయి, ఆకారాలు కణతల వైపు ప్రయాణించి పేరున్న వస్తువులవుతాయి. ఈ తతంగమంతా ఎంత వేగంగా ముగుస్తుందో 1996లో సైమన్ థోర్ప్ బృందం కొలిచింది. ఛాయాచిత్రాన్ని కేవలం 20 మిల్లీసెకన్లు చూపితే, అందులో జంతువు ఉందో లేదో మెదడు 150 మిల్లీసెకన్ల లోపే తేల్చేసింది. వాయిదాలకు అలవాటుపడ్డ లోకానికి ఇంత త్వరిత న్యాయం రుచించకపోవడంలో వింత లేదు.

శాఖల మధ్య సమన్వయం లేదన్న విమర్శకు క్లుప్తంగా జవాబిస్తాను. దృశ్య సమాచారం రెండు దారులుగా చీలుతుందనీ, ఒకటి వస్తువు ఏమిటో తేలిస్తే మరొకటి దాని మీద చేయి ఎలా వేయాలో చూసుకుంటుందనీ గుడేల్, మిల్నర్ 1992లో వాదించారు. వారు పరీక్షించిన, మెదడు దెబ్బతిన్న డి.ఎఫ్. అనే రోగి, ఎదురుగా ఉన్న సన్నని చీలిక ఏ వాలులో ఉందో చెప్పలేకపోయినా, చేతికి కార్డు ఇస్తే సరైన వాలులో తిప్పి అందులో దూర్చగలిగింది. చేసే శాఖకు తెలిసిన సంగతి చెప్పే శాఖకు తెలియలేదు. ఇటువంటి పరిపాలనకు మెదడే ఆద్యురాలని నిరూపించినందుకు ఏ కార్యాలయమైనా వారికి రుణపడి ఉండాలి.

ముఖాలకు ఈ న్యాయస్థానంలో ప్రత్యేక ధర్మాసనం ఉంది. నాన్సీ కాన్విషర్ బృందం 1997లో మెదడు అడుగు భాగాన దాని చిరునామా కూడా కనిపెట్టింది. అది దెబ్బతింటే మనిషి కన్నతల్లిని గొంతు విని గుర్తుపట్టాల్సి రావచ్చు. బాగా పనిచేస్తున్నప్పుడు దాని ఉత్సాహానికి హద్దు లేదు. 1976 జులైలో వైకింగ్ 1 నౌక అంగారకుడి మీది ఒక గుట్టను ఏటవాలు ఎండలో ఫొటో తీయగా, నీడలు రెండు కళ్ళుగా, ఒక నోరుగా కుదిరాయి. నీడల మాయ అని నాసా అప్పుడే చెప్పినా, ముఖం ఉన్నాక దాన్ని చెక్కినవాడు ఉండాలని, వాడికో నాగరికత ఉండాలని ఎంతోమంది తీర్మానించుకున్నారు. 2001లో మరో నౌక అదే గుట్టను మరింత స్పష్టంగా ఫొటో తీస్తే అది గుట్టే అయింది. తాడును పామనుకున్నవాడు దీపం తెచ్చాక కనీసం సిగ్గుపడతాడు, ఈ ధర్మాసనం మాత్రం దీపం తెచ్చినవాడినే అనుమానించింది. ఇదే ధర్మాసనం 1980లో పీటర్ థాంప్సన్ ముందు చేసిన పనికి మాత్రం నా దగ్గర కూడా సమర్థన లేదు. ఆయన బ్రిటన్ ప్రధాని మార్గరెట్ థాచర్ ఫొటోలో కళ్ళనూ నోటినీ మాత్రమే తిరగేసి, మొత్తం ముఖాన్ని తలకిందులుగా చూపితే, అంతా సవ్యంగానే ఉందని తీర్పు వచ్చింది. ఫొటోను నిటారుగా నిలిపితే చూసినవాళ్ళు ఉలిక్కిపడ్డారు.

చూడనివాటి సంగతి వేరే చెప్పాలా? 1999లో సైమన్స్, ఛాబ్రిస్ ఒక వీడియో చూపి, బంతిని ఎన్నిసార్లు విసిరారో లెక్కపెట్టమంటే, ఆటగాళ్ళ మధ్యకు వచ్చి గుండెలు బాదుకుని వెళ్ళిన గొరిల్లా వేషధారిని దాదాపు సగం మంది గమనించలేదు. వారి కళ్ళలో పడింది, వాదనలో మాత్రం ప్రస్తావనకు రాలేదు. అడగని సాక్ష్యాన్ని స్వీకరించకూడదన్నది విచారణ ధర్మం.

ఇంత సులువైన పనికి ఇంత ఆర్భాటమెందుకని అనుకునేవారి కోసం ఒక్క మాట. 1966లో అమెరికాలోని ఎంఐటీ విశ్వవిద్యాలయంలో కంప్యూటరు చేత వస్తువులను గుర్తింపజేసే పనిని ఒక వేసవి ప్రాజెక్టుగా పెట్టుకున్నారు. ఆ వేసవి కొన్ని దశాబ్దాలు సాగింది.

చివరిగా, ఈ న్యాయస్థానం పక్షపాతం చూపుతుందన్న నిందకు నా దగ్గర గట్టి ఖండన ఉంది. ఎడ్వర్డ్ ఆడెల్సన్ 1995లో గళ్ళ బల్ల బొమ్మ ఒకటి తయారుచేశాడు. దాని మీద ఒక స్తంభం నీడ పడుతుంది. నీడ బయటి నల్ల గడి, నీడ లోపలి తెల్ల గడి నిజానికి అచ్చంగా ఒకే బూడిద రంగు. ఆ రెంటినీ కత్తిరించి పక్కపక్కన పెడితే మెదడు మారు మాట్లాడకుండా ఒప్పుకుంటుంది, తిరిగి వాటి స్థానాల్లో పెట్టగానే ఒకటి నలుపు, ఒకటి తెలుపు అన్న పాత తీర్పునే మళ్ళీ చదివి వినిపిస్తుంది. బొమ్మ గీసిన ఆడెల్సన్ స్వయంగా వచ్చి చూసినా ఆయనకూ అదే తీర్పు.